బ్రిటన్ రాణి విక్టోరియా మనవడు జర్మనీలో డ్యూక్ ఎలా అయ్యాడంటే

ఇంగ్లండ్‌లో పుట్టిన కార్ల్ ఎడ్వర్డ్‌కి జర్మనీలోని సాక్సె-కోబర్గ్-గోథా సంస్థానం గద్దె ఎలా వచ్చింది, వంశవృక్షం చార్ట్‌లో లింకు కలవట్లేదు అన్నారు కదండీ, మీరు తండ్రీకొడుకుల వరసలో వెతుకుతున్నారు, అందుకే దొరకట్లేదు. అక్కడి డ్యూక్ రెండో ఎర్నస్ట్‌కి వారసుల్లేరు, 1893లో ఆయన పోయాక తమ్ముడు ఆల్బర్ట్, అంటే విక్టోరియా భర్త, ఆయన కొడుకు ఆల్‌ఫ్రెడ్ డ్యూక్ అయ్యాడు, ఈ ఆల్‌ఫ్రెడ్‌కున్న ఒక్కగానొక్క కొడుకు 1899లో చనిపోయాడు, తర్వాత వరసలో ఉన్న ఆల్‌ఫ్రెడ్ తమ్ముడు ఆర్థర్, ఆయన కొడుకూ ఇద్దరూ మాకొద్దన్నారు, అలా తిరిగి తిరిగి ఇంగ్లండ్‌లో ఈటన్ స్కూల్లో చదువుకుంటున్న ఈ పిల్లాడి నెత్తిన పడింది. వాళ్ళ నాన్న, అంటే ఆల్‌ఫ్రెడ్, ఆర్థర్‌ల తమ్ముడు లియోపోల్డ్ అయితే వీడు పుట్టకముందే పోయాడు పాపం. 1900లో డ్యూక్ అయ్యేసరికి 16 ఏళ్ళే. 1918లో గద్దె పోయింది, 1919లో బ్రిటిష్ బిరుదులూ పోయాయి. తర్వాత నాజీ పార్టీలో చేరాడు, చార్ట్‌లో ఆ ముక్క మాత్రం వదిలేయకండి ప్లీజ్.