లేడికి కోరలెక్కడివి?

సందేహం: మృగనయని, మృగమదం, మృగాంకుడు అన్నప్పుడు మృగమంటే లేడి. కానీ ఘోరం చేసినవాణ్ణి పత్రికలు ‘మానవ మృగం’ అంటున్నాయి. సాధువైన లేడి ఇంత క్రూరమెలా అయింది? – ఒక పాఠకురాలు

సమాధానం: లేడి క్రూరం కాలేదమ్మా. మృగమంటే అడవిలో తిరిగే ఏ జంతువైనా సరే. అందుకే సింహం మృగరాజు, కోతి శాఖామృగం. వేటకు ముఖ్యంగా లేడే గురి కాబట్టి ఆ పేరు దానికి నిలిచిపోయి ఉంటుంది. పారశీకంలో దీని సోదరపదం ‘ముర్గ్’ పక్షికి చెల్లింది. హైదరాబాదులో కోడిని ముర్గీ అనడం అక్కణ్ణుంచి వచ్చిందే.

మన వ్యుత్పత్తికారులు చెప్పే ధాతువు ‘మృగ్’, అంటే వెదకడం. వేటగాడు వెదికేది మృగం, ఆ వేట మృగయ. ‘మృగ్యం’ కూడా ఇందులోదే. వెదకవలసినది అన్న అర్థం ముదిరి, తెలుగులో వెదికినా దొరకనిది అయింది. ‘మానవత్వం మృగ్యం’ అని శీర్షిక పెట్టి, దాని కిందనే ‘మానవ మృగం’ అని రాసేవారు ఈ రెండూ తోబుట్టువులని ఒక్కసారైనా గమనించరు. నిఘంటువు తిరగేసే ఓపిక అంత కరువైందా?

మనిషిని మృగమన్న భర్తృహరి మాట చూడండి. విద్య, తపస్సు, దానం, జ్ఞానం, శీలం, గుణం, ధర్మం లేనివారు భూమికి బరువై ‘మనుష్యరూపేణ మృగాశ్చరన్తి’ అన్నాడు. ఇందులో కోరలు లేవు, నెత్తురు లేదు. ‘చరన్తి’ అన్న క్రియ ఎంత పొందికగా పడిందో! తిరుగుతున్నారు, మేస్తున్నారు, అంతే. సాహిత్య సంగీత కళలు తెలియనివాడు తోకా కొమ్ములూ లేని పశువనీ, వాడు గడ్డి తినకపోవడం పశువుల అదృష్టమనీ అన్నదీ ఆయనే. ఆయన నింద జడత్వం మీద. క్రౌర్యం ఊసే లేదు.

పెద్దలు క్రూరమృగం, సాధుమృగం అని విడదీసి చెప్పేవారు. మృగంలోనే క్రౌర్యం ఉంటే ‘క్రూర’ అనడం దేనికి? మనం ఆ విశేషణాన్ని రాల్చేసి, దాని పాపం మృగానికి అంటగట్టాం.

లోకంలో స్థిరపడ్డ మాట కాబట్టి ‘మానవ మృగం’ తప్పని కొట్టెయ్యలేను. ‘మానవ క్రూరమృగం’ అంటే మాట సరిపోతుంది గానీ, పులి కూడా అలాంటి పని చెయ్యదే! నేనైతే ‘నరరూప రాక్షసుడు’ అనే రాస్తాను.