పడవలో మిగతావాళ్లు

తమ్ముడూ,

నీ కథ చదివాను. పదిహేడో శతాబ్దపు రష్యా తిరుగుబాటు నాయకుడు స్టెంకా రాజిన్ పర్షియా రాకుమారిని వోల్గా నదిలోకి విసిరేసే ముందు నాలుగు పేజీల నిండా అతని మనోవేదనే రాశావు. నాకు ఒళ్లు మండింది. భాష బాగానే ఉంది, ఆ సంగతి వదిలెయ్.

నువ్వు ఆధారం చేసుకున్న మూకీలో ఆ వేదన ఎక్కడుంది? 1908లో ద్రాంకోవ్ నిర్మించిన ఆ సినిమా రష్యాలో తొలి కథాచిత్రం. మొత్తం 224 మీటర్ల ఫిల్ము. అంత చిన్న సినిమాలో కథను నడిపేది రాజిన్ కాదు, అతని కొసాక్కులు, అంటే రష్యా సరిహద్దుల్లో స్వేచ్ఛగా బతికిన యోధులు. నాయకుడు తమని మరిచి ఆ అమ్మాయి మోజులో పడ్డాడని వాళ్లకు కడుపుమంట. ఆమె తన ప్రియుడికి రాసినట్టు ఓ దొంగ ఉత్తరం పుట్టిస్తారు. రాజిన్‌కు బాగా తాగించి అది చూపిస్తారు. ఆ ఉత్తరం రాసిందెవరు? ఆ ఆలోచన ముందు ఎవడికొచ్చింది? వద్దన్నవాడు ఒక్కడైనా ఉన్నాడా? కథంతా అక్కడుంటే, నువ్వు "అనుచరులు గొణుక్కున్నారు" అని ఒక్క వాక్యంలో దాటేశావు!

అసలు చరిత్ర చూడు. 1671లో రాజిన్‌ను పట్టి జార్‌కు అప్పగించింది సాటి డాన్ నదీతీర కొసాక్కులే. వాళ్ల పెద్ద కోర్నిలా యాకోవ్లెవ్ స్వయానా అతనికి జ్ఞానతండ్రి. ఇల్లూ వాకిలీ ఉన్న పాత కాపురస్తులకూ, ఏమీ లేక డాన్ తీరానికి పారిపోయి వచ్చినవాళ్లకూ మధ్య రగిలిన పగ అది. ఒక్క మనిషి గుండెలో ఇమిడేది కాదు.

నా తొలిరోజుల్లో చెరువు నీళ్ల కోసం రెండు వీధులు కొట్టుకున్న కథ రాశాను. "ఇందులో హీరో ఎవరండీ?" అని ఓ వారపత్రిక ఎడిటర్ తిప్పి పంపాడు. ఇంకో పత్రిక వేసుకుంది గానీ సగం మనుషుల్ని కోసేసింది. ఆ కోపం నాకింకా పోలేదు. ఇప్పుడేమో ప్రతి కథా ఒకడి బుర్రలో మొదలై అక్కడే ముగుస్తోంది, దాన్నే లోతు అంటున్నారు. ఆ మాటలు వినకు.

రాజిన్ స్వగతం మొత్తం కొట్టెయ్. ఉత్తరం రాసినవాడికి ఓ పేరు పెట్టు, వాడి కోపానికి కారణం చూపించు. రాకుమారికి నీ కథలో ఒక్క మాట కూడా లేదు. ఆ రాత ఎవరిదో ఆమెకు తెలిసిందా, చెప్పబోతే ఎవరైనా ఆపారా, అదీ రాయి. కథను పోటీకి పంపే సంగతి తర్వాత చూద్దాం. రాశాక మళ్లీ పంపు, చదువుతాను.