ఆ దెబ్బతిన్న కాలు ఎక్కడ దాచావు?

తమ్ముడూ,

అమెరికా టీవీ నటుడు జేమ్స్ ఆర్నెస్ మీద నువ్వు రాసి పంపిన వ్యాసం రెండుసార్లు చదివాను. కష్టపడ్డావు, కాదనను. కానీ 1971లో కృష్ణగారు కౌబాయ్ టోపీ పెట్టుకున్న సంగతితో ఎత్తుకున్నావు చూడు, అది కొట్టెయ్. మనవాడి పేరు లేకపోతే మనవాళ్ళు చదవరేమోనని నీ భయం. ఆయనకీ ఆర్నెస్‌కీ ఏ సంబంధమూ లేదు. మిన్నియాపొలిస్‌లో పుట్టినవాణ్ణి అక్కడే పుట్టనివ్వు.

ఆ తర్వాత నాలుగు పేజీలూ రేషన్ షాపు బోర్డులా ఉన్నాయి. 1955లో అతని కౌబాయ్ టీవీ సీరియల్ ‘గన్‌స్మోక్’ మొదలైంది, 1961లో అరగంట షో గంట అయింది, 1966లో రంగుల్లోకి వచ్చింది, 1975లో ఆగింది, మొత్తం 635 ఎపిసోడ్లు. అన్నీ నిజాలే. కానీ ఇరవై ఏళ్ళు అదే డాడ్జ్ సిటీ అనే ఊళ్ళో అదే మార్షల్ వేషం, అంటే ఊరి పోలీసు అధికారి వేషం, వేసిన మనిషి గురించి ఏడాదివారీగా ఏం చెప్తాం?

మూడో పేజీలో ఒక్క వాక్యంలో దాటేశావు, అక్కడుంది అసలు సరుకు. 1944లో, ఇటలీలో ఆంజియో యుద్ధంలో అతని కాలికి తూటాలు తగిలాయి. ఆరడుగుల ఏడంగుళాల మనిషి. ఆ కాలు అతన్ని జన్మంతా వదల్లేదు, గుర్రం ఎక్కేటప్పుడు మరీను. గుర్రం మీద బతకాల్సిన హీరోకి గుర్రం ఎక్కడమే నరకం!

ఇప్పుడు పక్కకి చూడు. అదే షోలో, మార్షల్ వెనకాలే ఒక కాలు వంచకుండా కుంటుతూ తిరిగే చెస్టర్ ఉంటాడు. ఆ వేషం కట్టిన డెన్నిస్ వీవర్ అథ్లెట్, 1948 ఒలింపిక్స్ కోసం డెకాథ్లాన్ (పది ఆటల పోటీ) సెలక్షన్లలో పోటీపడ్డవాడు. కాళ్ళు శుభ్రంగా ఉన్నవాడు కుంటుతూ నటించి 1959లో ఎమ్మీ, అదే అమెరికా టీవీ అవార్డు, అందుకున్నాడు. నిజంగా దెబ్బతిన్నవాడు నొప్పి మింగి నిటారుగా నిలబడ్డాడు, మూడు నామినేషన్లతో సరిపెట్టుకున్నాడు. ఇద్దరూ ఒకే వీధిలో పక్కపక్కనే నడుస్తుంటారు. ఇంత సీను చేతిలో ఉంచుకుని బోర్డు రాశావేమయ్యా!

హాలీవుడ్ కౌబాయ్ హీరో జాన్ వేన్ సంగతి కూడా చూసుకో. ‘ఈ వేషం వేన్‌కి ఇస్తే వద్దని ఆర్నెస్ పేరు చెప్పాడు’ అని ఖరాఖండీగా రాశావు. మొదటి ఎపిసోడ్‌కి ముందు వేన్ తెర మీదికొచ్చి ఆర్నెస్‌ని పరిచయం చేశాడు, అది నిజం. వేషం తనకి ఇవ్వజూపారన్న మాట దగ్గరే తలో మాటా అన్నారు. ‘అంటారు’ అని పెట్టు, పోయేదేం లేదు. నేను కొత్తలో ఒక పద్యనాటక నటుడి గురించి రాస్తూ, నూట మూడు జ్వరంతో స్టేజీ ఎక్కి పద్యం అందుకున్నాడని ఎవరో చెప్తే రాసేశాను. ఆదివారం అచ్చయింది. బుధవారానికల్లా ఆయన కొడుకు దగ్గర్నుంచి కార్డు: ‘ఆ రాత్రి మా నాన్నగారు ఊళ్ళోనే లేరండీ.’ ఆ కార్డు ఇప్పటికీ నా టేబుల్ సొరుగులో ఉంది.

నువ్వు షో చూడకుండానే రాశావని నా అనుమానం. పాత ఎపిసోడ్ల టైటిల్స్ పెట్టి చూడు. ఖాళీ వీధి, అటు ఒకడు, ఇటు మార్షల్. ముందు పేలేది ఎదుటివాడి తుపాకి, మార్షల్‌ది దాని తర్వాత. ఇరవై ఏళ్ళు నిలబడ్డ వేషం, రెండో గుండుతో మొదలవుతుంది. ఇది నీ కంటితో నువ్వు చూసి ఉంటే ‘మెరుపు వేగంతో తుపాకి తీసే వీరుడు’ అనే ముక్క రాసేవాడివి కాదు.

ఇక చివరి పేరా. ‘కన్నీటి వీడ్కోలు ఎపిసోడ్‌తో తెరపడింది’ అన్నావు. అలాంటి ఎపిసోడే లేదు. ఇంకో సీజన్ ఉంటుందనే అందరూ అనుకున్నారు, ఛానెల్ ఆపేసింది, అంతే. ఆ పేరా తీసేసి, కాలుని మొదటికి తెచ్చి, రెండు పేజీల్లో మళ్ళీ రాసి పంపు. తొందరేం లేదు, సంక్రాంతి దాకా నేను ఇంట్లోనే ఉంటాను.

నీ అన్నయ్య