నాలుగేళ్ల సల్కాటా ఉన్నట్టుండి చెప్పుల్ని గుద్దుతోంది, తోడు తెస్తే తగ్గుతుందా?

మీరు అడిగింది నాకు అర్థమైనంతవరకు ఇదీ: అమెరికాలోని ఫీనిక్స్‌లో ఇంటి వెనక పెరడు, అందులో నాలుగేళ్ల సల్కాటా తాబేలు, 35 సెంటీమీటర్ల పొడవు, 9 కిలోల బరువు. ఇన్నాళ్లూ సాధువులా ఉన్నది రెండు నెలలుగా చెప్పుల్ని గుద్దుతోంది, ఇనుప జాలీ కంచెను పొద్దస్తమానం తోస్తోంది, ఎత్తితే బుస కొడుతోంది. ఇది కోపమా, ఒంటరితనమా, ఇంకో తాబేలును తేవాలా, అసలు అది మనుషుల్ని గుర్తుపడుతుందా అని.

తోడు మాత్రం తేవద్దండి. మిగతాది తీరిగ్గా చదువుకున్నా పర్లేదు.

సల్కాటాలు సహారాకు దక్షిణాన సెనెగల్ మొదలు ఎరిట్రియా దాకా సాగే సాహెల్ మెట్టభూముల జాతి. ఎవరి బొరియ వారిదే. ఒంటరితనం వాటికి బాధ కాదు, మామూలు బతుకే. రెండింటిని ఒకే ఆవరణలో పెడితే బలమైనది రెండోదాన్ని కరవనక్కర్లేదు, దారికి అడ్డంగా కూర్చుంటే చాలు. మేత మీద పడుకుంటుంది, వెచ్చటి మూల ఆక్రమిస్తుంది, మెడ తీసుకెళ్లి పక్కదాని డిప్ప మీద ఆనిస్తుంది. చూసేవాళ్లు ముద్దుగా ఒదిగి పడుకున్నాయని ఫొటోలు తీసుకుంటారు. అప్పటికి రెండోది తిండి తగ్గించేసి ఉంటుంది. వారానికోసారి తూచితే ఇది తెలుస్తుంది, కళ్లతో చూస్తే తెలియదు. అన్నిటికంటే అధ్వానం సరిగ్గా రెండే ఉండటం, ఎందుకంటే పడే దెబ్బలన్నీ ఒక్కదానికే. ఇక రెండు మగవైతే ఒకదాన్ని ఒకటి వెల్లకిలా పడేసేదాకా వదలవు. తాబేలు ఊపిరితిత్తులు వీపు డిప్పకు ఆనుకుని ఉంటాయి. వెల్లకిలా పడితే పేగుల బరువంతా వాటి మీదే. దానికి ఫీనిక్స్ ఎండ తోడైతే మనం ఆఫీసు నుంచి వచ్చేలోపే ప్రాణం పోవచ్చు.

ఇక గుద్దడం. మీది మగది అయ్యుండాలి. 35 సెంటీమీటర్లంటే సరిగ్గా ఆ పరిమాణమే: సల్కాటాలకు ఈడు రావడం ఏళ్లను బట్టి కాక పొడవును బట్టి ఉంటుంది, బాగా మేపినవాటికి నాలుగైదేళ్లకే వచ్చేస్తుంది. పొట్టడిప్ప వెనక భాగం లోపలికి గుంటపడి, తోక పొడుగ్గా పక్కకి మడిచి ఉంటే మగది. గొంతు కింద పొట్టడిప్ప నుంచి ముందుకు పొడుచుకొచ్చిన ఆ జంట కొనలే వాటి ఆయుధం. తన పరిధిలో కదిలే ముదురు రంగు వస్తువు, ముఖ్యంగా నేలకు దగ్గరగా ఉండేది, దానికి ఇంకో మగ తాబేలు కింద లెక్క. చెప్పులు, షూస్, తోటపని బకెట్, చిన్నపిల్లల మూడుచక్రాల సైకిలు, దేన్నయినా గుద్దుతుంది.

ఇక్కడ అందరూ చేసే పొరపాటు ఒకటుంది. కాలితో వెనక్కి నెడతారు. నెట్టడమంటే దాని భాషలో పోటీకి ఒప్పుకున్నట్టే, ఇంకా గట్టిగా వస్తుంది. నెట్టకుండా, దాని కళ్లకూ మీ కాళ్లకూ మధ్య 60 సెంటీమీటర్ల ప్లైవుడ్ ముక్కో, బట్టల బుట్టో అడ్డం పెట్టి, మీరు పక్కకి తప్పుకోండి. ఎదురుగా ఏమీ కనబడకపోతే కాసేపటికి మేతకి మళ్లుతుంది. పెరట్లోకి వెళ్లడానికి ఎప్పుడూ ఒకే రకం లేతరంగు చెప్పులు వాడటం కూడా కొన్నిటి విషయంలో పనిచేస్తుంది, అన్నిటికీ కాదు. ఐదేళ్ల లోపు పిల్లల్ని పెద్దవాళ్లు లేకుండా దాని దగ్గరకి పంపకండి. ఇప్పుడు 9 కిలోలే, ముందు ముందు 40, 50 కిలోలు దాటుతుంది. ఆ బరువుతో చీలమండ మీద గుద్దితే పెద్దవాళ్లే కూలబడతారు.

దీనికి సంబంధించినదే ఇంకోటి, ముందే తెలిస్తే హడలిపోరు. ఈడొచ్చిన మగ తాబేలుకు నీళ్లలో నానబెట్టినప్పుడో, రాయెక్కినప్పుడో తోక కింద నుంచి నల్లటి, ఊదారంగు పువ్వులాంటి పెద్ద జననాంగం బయటికి వస్తుంది. పేగు జారిందని డాక్టరు దగ్గరకి పరుగెత్తేవాళ్లు చాలామంది. కొద్ది నిమిషాల్లో దానంతట అదే లోపలికి పోతే ఏ రోగమూ లేదు. గంట దాటినా పోకపోతే, మట్టి అంటి ఎండుతున్నట్టుంటే మాత్రం, తడిగుడ్డ కప్పి అదే రోజు సరీసృపాలు చూసే పశువైద్యుడి దగ్గరకి తీసుకెళ్లాలి.

కంచె సంగతికి వస్తే, తప్పు తాబేలుది కాదు, జాలీది. అవతల కనబడుతోందంటే అక్కడికి దారి ఉన్నట్టే అని దాని నమ్మకం. గాజు తొట్టెలో పెంచే తాబేలు పిల్లలు రోజంతా అద్దాన్ని గీరడమూ ఇందుకే. జాలీ కింది 60 సెంటీమీటర్లకు అవతల ఏమీ కనబడని షేడ్‌క్లాత్ కట్టి చూడండి, రెండు మూడు రోజుల్లోనే తోపుడు సగం తగ్గాలి. ఇది తాత్కాలికమే. శాశ్వతంగా హాలో బ్లాకులతో గోడ కట్టించాలి, నేలపైన 60, నేలలోకి 45 సెంటీమీటర్లు. మూలల్లో గోడ మీద ఒక పలక అడ్డంగా వేయించండి, మూలల్లోనే ఇవి ఎగబాకి వెల్లకిలా పడేది. ఈతకొలను ఉంటే దాని చుట్టూ విడిగా గోడ ఉండాలి. సల్కాటాకు ఈత రాదు, రాయిలా మునుగుతుంది.

గోడ కట్టాక కూడా తోపుడు అలాగే ఉంటే చోటు చాలడంలేదనే అర్థం. పెరడంతా దానిదే అనుకుని ఉండగలిగినవాళ్లే ఈ జాతిని పెంచాలి. పెట్‌షాపులో అరచేతిలో పట్టే పిల్లను అమ్మేటప్పుడు ఈ ముక్క ఎవరూ చెప్పరు.

బుస అనేది పాము బుస లాంటిది కాదు. తల, కాళ్లు చప్పున లోపలికి లాక్కుంటే ఊపిరితిత్తుల్లో గాలికి చోటుండదు, బయటికి తన్నుకొస్తుంది, ఆ చప్పుడే అది. బెదిరింపు కాదు, బెదురు. నేలమీద బతికే జీవికి కాళ్ల కింద నేల పోవడం కంటే భయం లేదు. ఎత్తక తప్పకపోతే రెండు చేతులతో ముందు, వెనక కాళ్ల మధ్య పట్టుకుని, నేలకు సమాంతరంగా, వీలైనంత తక్కువ ఎత్తులో మోయండి. భయపడితే మూత్రం పోస్తుంది, ఆ మూత్రమే ఎండాకాలానికి అది దాచుకున్న నీటి నిల్వ. అందుకే ఊరికే ఎత్తి ఒళ్లో పెట్టుకోవడం మంచిది కాదు. మూత్రంతో పాటు తెల్లటి పదార్థం వస్తుంది, పెరుగులా మెత్తగా ఉంటే సరే. ఇసుకలా గరగరలాడితే నీళ్లు చాలడం లేదు: 20 నిమిషాలు గోరువెచ్చటి నీళ్లలో, గడ్డం మునగనంత లోతులో నిలబెట్టండి.

గుణం గురించి తీర్పు చెప్పేముందు ఎప్పుడూ ఉష్ణోగ్రత చూడాలి. మందకొడిగా ఉందన్నా, అలిగిందన్నా, తినడం లేదన్నా నేను ముందు అడిగేది డిప్ప ఎంత వెచ్చగా ఉందనే. 20 డాలర్లకు దొరికే టెంపరేచర్ గన్ ఒకటి కొనుక్కోండి. ఎండ కాచుకునే చోటు 35 నుంచి 38 సెల్సియస్, రాత్రి పడుకునే పెట్టె 27 దగ్గర. సల్కాటాలు శీతాకాలపు నిద్ర పోవు. చల్లబడి కదలకుండా ఉన్నదాన్ని నిద్ర అనుకుంటే ఊపిరితిత్తులకు నిమ్ముపట్టి ముక్కున బుడగలు వచ్చాక గాని తెలియదు. ప్లైవుడ్‌తో 120 సెంటీమీటర్ల చదరం, 60 ఎత్తు పెట్టె చేయించి, గోడలకు 4 సెంటీమీటర్ల ఫోమ్ షీటు, తలుపుకు ప్లాస్టిక్ పట్టీలు, లోపల థర్మోస్టాట్ పెట్టిన చిన్న ఆయిల్ హీటరు, దానికి అడ్డంగా కర్రల గ్రిల్లు. పై నుంచి వేలాడే హీట్ బల్బు ఈ పరిమాణానికి పనికిరాదు, నేల చల్లగా ఉండగానే వీపు డిప్ప మాడుతుంది. కొత్త పెట్టెలోకి అది తనంతట తాను పోదు. రెండు మూడు వారాలు సాయంత్రం చీకటి పడకముందే తోలి తలుపు వెయ్యాలి, తర్వాత దానికే అలవాటవుతుంది.

వేసవిలో సమస్య తలకిందులవుతుంది. 40 సెల్సియస్ దాటితే నోటి నుంచి నురగ కారి ముందుకాళ్లకు పూసుకుంటుంది. పిచ్చి పట్టలేదు, ఒళ్లు చల్లబరుచుకుంటోంది. నీడలో 10 సెంటీమీటర్ల లోతున బురదగుంట చెయ్యండి. కళ్లనుంచి నీళ్లు కారడమూ ఏడుపు కాదు: మనలా కన్నీరు ముక్కులోకి దిగే నాళం వాటికి లేదు, అంతా బయటికే వస్తుంది. కళ్లు ఉబ్బి మూసుకుపోతేనే కంగారు పడాలి.

తవ్వకంలో ఒక తేడా గమనించండి. ముందుకాళ్లతో తవ్వితే బొరియ, వెనక కాళ్లతో తవ్వితే గూడు. నేను పొరపడి మీది ఆడదే అయితే, ఇంకొన్నాళ్లకు తిండి మానేసి, నేల వాసన చూస్తూ కంచె వెంట తిరిగి, వెనక కాళ్లతో గుంటలు మొదలుపెట్టి వదిలేస్తుంది. మగది లేకపోయినా గుడ్లు వస్తాయి. అలా వారాలు గడిచినా పెట్టలేకపోతే ఎక్స్‌రే తీయించాలి.

గుర్తుపడుతుందా అంటే, పడుతుంది, మేతతో ముడిపెట్టి. ప్రేమ అన్న మాట నేను వాడను, తెలివి తక్కువని మాత్రం ఒప్పుకోను. వియన్నా, జూరిచ్ జూల్లో పెద్ద తాబేళ్లకు రంగు గురిని ముక్కుతో తాకడం నేర్పితే, వియన్నావాటికి తొమ్మిదేళ్ల తర్వాత కూడా అది గుర్తుంది. మీరూ చెయ్యొచ్చు. కర్ర చివర ఎర్రటి సీసా మూత బిగించి, పొద్దున ఎండ కాచుకున్నాక ముక్కుకు జానెడు దూరంలో పెట్టండి. తాకగానే నేలమీద పలక రాతిపై ఒక మందారపువ్వు. రోజుకు ఐదు నిమిషాలు చాలు. రెండు మూడు వారాలకు కర్ర వెంట నడుస్తుంది, ఇక ఎత్తే పని ఉండదు, తూకం యంత్రం మీదికీ అదే ఎక్కుతుంది. చేత్తో మాత్రం తినిపించకండి. ఎరుపు, గులాబీ రంగులంటే దానికి తిండే, గోళ్లరంగు వేసుకున్న కాలివేళ్లు కరిపించుకునేది ఇలాగే.

తిండి నూటికి 80, 90 వంతులు గడ్డే: బెర్ముడా గడ్డి, ఎండుగడ్డి. మిగతాది నాగజెముడు పలకలు, మల్బరీ, మందారం ఆకులు. పెరుగన్నం, చపాతీ, అరటిపండు మన ఇళ్లలో ప్రేమగా పెట్టేవి, అవన్నీ మానెయ్యండి, పేగుల్లో పులిసిపోతాయి. గన్నేరు మాత్రం వెంటనే చూసుకోండి. ఫీనిక్స్‌లో ప్రతి గోడ పక్కనా అదే పెంచుతారు, పూజకని మనవాళ్లూ నాటుతారు. పక్కింటి గన్నేరు ఆకు గాలికి రాలి పడ్డా ప్రమాదమే. బిళ్లగన్నేరు కూడా తీసెయ్యాలి.

చివర్లో, మదనపల్లిలో ఉన్న మీ తమ్ముడు తాబేలును పెంచుకోవచ్చా అని అడిగారు. అక్కడ ఎవరైనా ఇస్తామనేది నక్షత్ర తాబేలే అయి ఉంటుంది, ఆ చుట్టుపక్కల గుట్టల్లో సహజంగా ఉండేది అదే. 2022 సవరణ తర్వాత అది వన్యప్రాణి చట్టంలో ఒకటో షెడ్యూలు జంతువు, ఇంట్లో పెట్టుకుంటే మూడు నుంచి ఏడేళ్ల జైలు. కలిసొస్తుందని ఎవరు చెప్పినా ముట్టుకోవద్దనండి. దొరికితే అటవీశాఖకు అప్పగించాలి. సల్కాటా అయితే అక్కడ విదేశీ జాతి కింద వస్తుంది. ఇలాంటి జంతువుల నమోదుకు వచ్చిన 2024 నియమాల ప్రకారం కేంద్ర పర్యావరణ శాఖ వారి పరివేష్ పోర్టల్‌లో నమోదు చేయించాలి, అమ్మేవాడి దగ్గర ఆ కాగితం లేకపోతే కొనకూడదు.