ఎందుకు ఉండిపోయావో రాయి, తమ్మీ

తమ్ముడూ,

నీ నవల రాతప్రతి చేరింది, చదివాను. పెన్సిల్ గీతలు కొంచెం ఎక్కువే పెట్టాను, చూసి టెన్షన్ పడకు.

బస్సు ప్రయాణం బాగా రాశావు. నార్కట్‌పల్లి, చౌటుప్పల్ దాటి, అబ్దుల్లాపూర్‌మెట్ వైపు ఫిలింసిటీ బోర్డు కనబడగానే నీ కథానాయకుడు సీట్లోంచి లేచి నిలబడతాడు చూడు, అక్కడ నేనూ నవ్వుకున్నాను. సినిమా రచయిత బతుకు నడిచేది ఆ బోర్డు వెనకాల కాదని, కృష్ణానగర్ అద్దె గదికీ ఫిలింనగర్ ఆఫీసు సోఫాకీ మధ్యనేనని వాడికి తెలిసొచ్చే పేజీలూ బాగున్నాయి.

ఆ తర్వాతే చిక్కు. ఒక దర్శకుడు కథ వాడుకున్నాడు. ఒక నిర్మాత అడ్వాన్స్‌తోనే సరిపెట్టాడు. ఇంకొకరు టైటిల్ కార్డులో పేరు లేపేశారు. ఇవన్నీ నీకు జరిగినవేనని తెలుసు, నీ మాట కాదనను. కానీ నాలుగో అవమానం దగ్గరికొచ్చేసరికి చదివేవాడు అడుగుతాడు: మరి వీడు నల్లగొండ బస్సు ఎందుకెక్కలేదు? నీ రాతప్రతిలో దీనికి జవాబు లేదు. నాకు కావలసిన నవల ఆ జవాబే.

కథ అల్లడానికి అందరూ కూర్చునే సిట్టింగ్‌లో నువ్వు చెప్పిన ఒక్క మాటకు గదిలో అందరూ పడీపడీ నవ్వితే ఎక్కే కైపు ఉంటుంది కదా, దాన్ని ఒక్క వాక్యంలో దాటేశావు. అది తెలియనివాడికి ‘రేపు కూర్చుందాం’ అనే మాట మీద ఏళ్లు ఎట్లా గడిచిపోతాయో అర్థం కాదు. కథ లాక్ కాకముందే అమ్మకు ఫోన్ చేసి ‘సినిమా ఓకే అయింది’ అన్నాడు కదా నీ వాడు. ఆ తర్వాత దసరాకు ఊరికి రాకుండా ఏమేం సాకులు చెప్పాడు? అవి రాయి.

మన ఉమ్మడి జిల్లా వాళ్లనే చూడు. కోదాడ దగ్గరి గుడిబండ నుంచి వెళ్లిన కాంతారావు గారు జానపదాల్లో కత్తి తిప్పి అంత పేరు తెచ్చుకుని, సొంతంగా సినిమాలు తీసి ఆస్తి పోగొట్టుకున్నారు. తుంగతుర్తి ప్రభాకర్‌రెడ్డి గారు డాక్టరు చదివి నటుడయ్యారు, కథలు రాశారు, సినీ కార్మికుల ఇళ్లకు భూమి ఇచ్చారు. చిత్రపురి కాలనీకి ఆయన పేరే పెట్టుకున్నారు. మోసం చేసినవాళ్లు, మోసపోయినవాళ్లు అని రెండే గుంపులు కట్టావనుకో, ఈ ఇద్దరిలో ఒక్కరికైనా నీ నవలలో చోటు దొరుకుతుందా?

ఇక రౌడీ డైలాగుల సంగతి. దాన్ని ఒకటిన్నర పేజీలో ముగించావంటే నాకు నిజంగా కోపం వచ్చింది. మన యాసను ఏళ్ల తరబడి విలన్లకూ కమెడియన్లకూ అంటగట్టిన పరిశ్రమ అది. అక్కడ నీ వాడిని పిలిచి, ‘నువ్వు నల్లగొండోడివి కదా, మీవాళ్లు తిట్టినట్టు రాయి’ అన్నారు. వాడు రాశాడు. నాయనమ్మ కోడళ్ల మీద విసిరే మాటలు తెచ్చి రౌడీ నోట్లో పెట్టాడు. థియేటర్లో విజిళ్లు పడ్డాయి. చేతికి పూర్తి పేమెంట్ వచ్చింది కూడా అప్పుడే! వాడికి సిగ్గేసిందా, గర్వమేసిందా? ఆ డబ్బు ఇంటికి పంపితే, అదే నాయనమ్మ ఆ సినిమా టీవీలో చూసి ఏమంది? తమ్మీ, వాడెందుకు ఉండిపోయాడో ఇక్కడే ఉంది. దీన్ని కనీసం రెండు అధ్యాయాలు చెయ్యి. తొందరపడకు.

తెలుగులో సినిమా లోకం మీద పెద్ద నవల లేకపోలేదు. 2012 జ్ఞానపీఠం అందుకున్న రావూరి భరద్వాజ గారి ‘పాకుడురాళ్లు’ ఉంది. అందులో కథంతా మంజరి అనే నటి చుట్టూ తిరుగుతుంది. నీ కథానాయకుడు తెరమీద కనబడనివాడు, పోస్టరెక్కనివాడు. కాబట్టి గ్లామర్ జోలికి పోకుండా పని చూపించు. సీన్లను ఒక్కో లైనులో వరుసగా రాసుకునే వన్ లైన్ ఆర్డర్ ఎట్లా తయారవుతుంది, ఒక సీను ఎన్ని వెర్షన్లు మారుతుంది, ఎవరి మాట ఎవరి పేరు మీదికి పోతుంది, ఇవన్నీ బయటివాళ్లకు కొత్త. కాపీరైట్ చట్టాన్ని 2012లో సవరించారు. సినిమాలో వాడిన రచనకు, హాళ్లలో ఆడటం కాకుండా మిగతా వాడకాల మీద వచ్చే రాయల్టీలో రచయితకు వాటా దక్కాలని అందులో ఉంది. కాగితం మీద పేరే లేని ఘోస్ట్ రైటర్ ఏం చూపించి ఆ వాటా అడుగుతాడు? నీ వాడి చేత ఆ అగ్రిమెంట్ ఒకసారి చదివించు, చాలు.

పేర్ల విషయం కూడా చెప్పాలి. ఆ దర్శకుడి పేరు మార్చావు గానీ కారు, సొంతూరు, హిట్ల వరుస అన్నీ అట్లాగే ఉంచేశావు. కేసుల భయం ఒక పక్క ఉండనే ఉంది. అంతకంటే, చదివేవాడు నవల పక్కన పడేసి ‘వీడు ఫలానా ఆయనే’ అని ఫోన్లో వెతకడం మొదలుపెడతాడు. ముగ్గురు నలుగురిని కలిపి ఒక మనిషిని చెయ్యి. పనిలో పనిగా వాడికొక మంచి గుణం కూడా ఇవ్వు, నీకు ఎంత కష్టమైనా సరే.

ఫిర్యాదుల అధ్యాయాలను ప్రస్తుతానికి పక్కన పెట్టు. ముందు నాయనమ్మ అధ్యాయం రాసి పంపు. చేతిరాత అయినా ఫర్వాలేదు, చదువుకుంటాను. మిగతాది దసరాకు ఊరికొచ్చినప్పుడు మా ఇంట్లో కూర్చుని మాట్లాడుకుందాం.

ఇట్లు,
మీ అన్న
నల్లగొండ