ఇంటర్వ్యూ కుర్చీలో మీరు మీరుగా

ప్రశ్న: నాతో ఏళ్ల తరబడి కచేరీలు చేసిన గాయకుడి మీద డాక్యుమెంటరీ తీస్తున్నారు. నన్నూ మాట్లాడమన్నారు. స్టేజీ అలవాటే గానీ, కెమెరా ముందు నేను నేనుగా కూర్చోవడం ఇదే మొదలు. ఎలా సిద్ధం కావాలి?

జవాబు: ఇలాంటి చిత్రాల్లో ప్రశ్న అడిగినవాళ్ల గొంతు సాధారణంగా ఎడిటింగులో తీసేస్తారు. "మొదట ఎక్కడ కలిశారు?" అంటే "రైల్లో" అని ఊరుకుంటే ఆ ముక్క ఎందుకూ పనికిరాదు. "ఫలానా ఆయన్ని నేను మొదట కలిసింది రైల్లో" అని పేరుతో సహా పూర్తిగా చెప్పాలి. ప్రశ్న ముగిశాక ఒక్క క్షణం ఆగండి. రెండు గొంతులు కలిసిపోతే విడదీయడం కష్టం.

"మహానుభావుడు, అపర సరస్వతి" లాంటి పొగడ్తలు అందరూ చెబుతారు, కత్తెర ముందు వాటికే పడుతుంది. మీరు తాళం తప్పితే ఆయన మీ వైపు ఎలా చూసేవారు, పై స్థాయి అందని రోజు పాటను ఎలా మలుపు తిప్పేవారు, ఇలా పక్కన కూర్చున్నవాళ్లకే తెలిసినవి చెప్పండి. బట్టీ పట్టొద్దు. నాలుగైదు సంఘటనలు రాసుకుని, సంవత్సరాలు మాత్రం పాత కరపత్రాలతో సరిచూసుకోండి. గంట మాట్లాడితే చివరికి రెండు మూడు నిమిషాలే మిగలొచ్చు. నొచ్చుకోకండి.

సన్న గీతల బట్టలు వద్దు, తెర మీద అలల్లా కదులుతాయి. చిన్న మైకు గడ్డానికి జానెడు కింద తగిలిస్తారు. గొలుసు తగిలినా, గరుకు బట్ట రాసుకున్నా ఆ చప్పుడు మాటలో కలిసిపోతుంది. గుండెల మీద చెయ్యి వేసుకుని మాట్లాడే అలవాటుంటే మరీ జాగ్రత్త! లెన్సులోకి చూడమని చెబితే తప్ప చూపు అడిగేవాళ్ల మీదే ఉండాలి. చివర్లో అర నిమిషం ఎవరినీ కదలొద్దంటారు. కోతల మధ్య అతకడానికి గది నిశ్శబ్దాన్ని రికార్డు చేసుకోవడం అది.

ప్రశ్న: మధ్యలో ఆయన పాట ఒక చరణం పాడొచ్చా?

జవాబు: పాడొచ్చు, దర్శకుడికి ముందే చెప్పి. గొంతు మీదైనా పాట హక్కులు వేరేవాళ్లవైతే నిర్మాత వాళ్ల దగ్గర అనుమతి తెచ్చుకోవాలి. రాకపోతే చరణంతో పాటు దాన్ని అంటుకున్న మాటలూ పోతాయి. అందుకే సంగతి చెప్పడం ముగించి, ఆగి, ఆ తర్వాత పాడండి.

ప్రశ్న: మా ఇద్దరికీ ఒకప్పుడు గొడవ జరిగింది. దాని గురించి కెమెరా ముందు మాట్లాడలేను. అంగీకార పత్రంలో ఏం చూసుకోవాలి?

జవాబు: మీ మాటలు ఈ చిత్రానికీ, దాని ప్రచారానికేనా, ఇంకెక్కడైనా వాడతారా అన్నది చూడండి. "ఏ మాధ్యమంలోనైనా, ఎప్పటికీ" అన్న వాక్యం మామూలే. మీ గొంతును కృత్రిమంగా తయారుచేసే హక్కు రాసి ఉంటే మాత్రం కొట్టేయించండి. "ఇది రికార్డు చేయకండి" అన్నంత మాత్రాన మైకు ఆగదు, తీయించాకే ఆ కబుర్లు.

గొంతు మాత్రమే ఇచ్చే దారీ ఉంది. గాయని ఏమీ వైన్‌హౌస్ మీద ఆసిఫ్ కపాడియా తీసిన 'ఏమీ' (2015)లో ఆమె సన్నిహితుల మాటలు ఎక్కువగా గొంతులుగానే వినిపిస్తాయి, తెర మీద పాత దృశ్యాలు నడుస్తుంటాయి. మీకూ అలా కావాలంటే ముందుగానే అడగండి. షూటింగు రోజు అడిగితే అప్పటికే లైట్లన్నీ బిగించేసి ఉంటారు.