ఐఫోన్ 6కి జైల్‌బ్రేక్ చేయిస్తే కొత్త ఐఓఎస్ వస్తుందా?

మీ ఐఫోన్ 6 ఐఓఎస్ 12 దగ్గరే ఆగిపోయిందనీ, వాట్సాప్ పనిచేయడం లేదనీ, ఆబిడ్స్ జగదీష్ మార్కెట్లో ఒకాయన జైల్‌బ్రేక్ చేసి కొత్త ఐఓఎస్ ఎక్కిస్తానంటున్నాడనీ రాశారు. డబ్బులివ్వకండి. అది అయ్యే పని కాదు.

నా దగ్గరా అదే ఫోను ఉంది. మలక్‌పేటలో మా ఇంట్లో కూర్చుని నేనే జైల్‌బ్రేక్ చేసుకున్నాను. దానివల్ల ఆపిల్ మూసి ఉంచిన ఫైళ్లు, సెట్టింగులు మన చేతికి వస్తాయి. వెర్షన్ మాత్రం పెరగదు. ఐఫోన్ 6 కోసం ఆపిల్ ఐఓఎస్ 13 తయారే చేయలేదు, లేనిదాన్ని ఆయన ఎక్కడినుంచి తెచ్చి ఎక్కిస్తాడు? వాట్సాపేమో 2025 మే నుంచి ఐఓఎస్ 15.1 కన్నా పాతవాటిని వదిలేసింది. వెర్షన్ అంకెను మార్చి చూపించే చిట్కాలు ఉన్నాయి కానీ, యాప్‌కు కావలసిన సరంజామా లోపల లేనప్పుడు అంకె మారి ఏం లాభం?

ఇక జైల్‌బ్రేక్ సంగతి. చెక్‌రెయిన్ అనే ఉచిత సాధనం వాడాను. 2019లో బయటపడిన చెక్‌మేట్ అనే లోపం దీనికి ఆధారం. ఆ లోపం చిప్‌లోనే, ఫోను ఆన్ కాగానే మొదట నడిచే కోడ్‌లో ఉంది. ఫ్యాక్టరీలోనే అచ్చయిపోయిన కోడ్ కాబట్టి ఏ అప్‌డేటూ దాన్ని సరిచేయలేదు. ఐఫోన్ 4ఎస్ నుంచి ఐఫోన్ టెన్ దాకా అన్నిటిలోనూ ఆ లోపం ఉంది. చెక్‌రెయిన్‌కు మ్యాక్ గానీ లైనక్స్ గానీ కావాలి. ఫోను ఆపి ఆన్ చేస్తే జైల్‌బ్రేక్ పోతుంది, మళ్లీ కంప్యూటర్‌కు తగిలించాల్సిందే. బయట ఉన్నప్పుడు ఛార్జింగ్ అయిపోతే ఇంటికి వచ్చేదాకా అది మామూలు ఫోనే.

నాకైతే నచ్చింది. అక్కర్లేని సేవలు ఆపేశాక, ఉన్న ఆ 1 జీబీ ర్యామ్‌తోనే కాస్త చురుగ్గా కదులుతోంది. పాటల ఫైళ్లు నేరుగా ఎక్కించుకుని స్పీకరుకు కలిపి పెట్టాను. మీరూ చేస్తే ముందుగా రూట్ పాస్‌వర్డ్, అంటే ఫోను మొత్తం మీద పూర్తి అధికారం ఇచ్చే పాస్‌వర్డ్, మార్చండి. ఆపిల్ పెట్టిన 'ఆల్పైన్' ఊరంతటికీ తెలుసు.

రోజూ వాడే ఫోనుకు మాత్రం వద్దంటాను. బ్యాంకు యాప్‌లు చాలావరకు జైల్‌బ్రేక్‌ను పసిగట్టి మొరాయిస్తాయి. ఇరానీ చాయ్‌కి కూడా ఫోనే తీసే ఊళ్లో అది చిన్న ఇబ్బంది కాదు.

కొన్ని యాప్‌లకు జైల్‌బ్రేక్ అవసరమే లేదు. ఇదివరకు వేసుకున్నవైతే యాప్ స్టోర్‌లో మీ కొనుగోళ్ల జాబితాలోకి వెళ్లి నొక్కండి, పాత వెర్షన్ ఇవ్వనా అని అడుగుతుంది. వాట్సాప్‌కు ఆ దారి లేదు. దానికోసం సెకండ్ హ్యాండ్ ఫోను కొంటే 6ఎస్, 7 వద్దు, అవి ఐఓఎస్ 15 దగ్గరే ఆగాయి, వాట్సాప్ హద్దు మళ్లీ పెరిగితే వాటికీ ఇదే గతి. ఏది కొన్నా పాత యజమాని ఆపిల్ ఐడీ తీసేశారో లేదో దుకాణంలోనే చూసుకోండి.